1939లోనే 800 మీటర్లు 1:46.6: రుడాల్ఫ్ హార్బిగ్ అంత వేగంగా ఎలా పరిగెత్తాడు, అతని ట్రైనింగ్ ఇప్పుడు మనకు పనికొస్తుందా?

మీరు అడిగినవి రెండు. జర్మనీకి చెందిన రుడాల్ఫ్ హార్బిగ్ 1939లో 800 మీటర్లు 1:46.6లో, అంటే 1 నిమిషం 46.6 సెకన్లలో, పూర్తి చేశాడని చదివారు. ఆ రోజుల బొగ్గుబూడిద ట్రాక్ మీద అది నిజంగా జరిగిందా, లేక నాజీ ప్రచారం పెంచి చెప్పిన కథా అనేది మొదటి అనుమానం. నిజమే అయితే, పంతొమ్మిదేళ్ల వయసులో 2:01 పరిగెత్తుతున్న మీరు అతను చేసిన ఇంటర్వల్ ట్రైనింగ్‌ను (చిన్న దూరం పరిగెత్తి, కాసేపు ఆగి, మళ్లీ పరిగెత్తే పద్ధతిని) ఇప్పుడు మొదలుపెట్టొచ్చా అనేది రెండోది.

ముందు జవాబు చెప్పేస్తాను. ఆ టైమింగ్ నిజం. అది జర్మనీలో కాదు, ఇటలీలో, రెండు దేశాల జట్ల మధ్య జరిగిన పోటీలో నమోదైంది. అంతర్జాతీయ సమాఖ్య దాన్ని ప్రపంచ రికార్డుగా గుర్తించింది, 16 ఏళ్ల పాటు ఎవరూ దాన్ని దాటలేదు. ఇక ట్రైనింగ్ సంగతి: మొదలుపెట్టొచ్చు, కానీ హార్బిగ్ పేరుతో ఇంటర్నెట్‌లో తిరుగుతున్న షెడ్యూల్‌ను మాత్రం వద్దు. అందులో చాలా భాగం అతను చనిపోయిన తర్వాత వచ్చింది. అతని నుంచి మనం నేర్చుకోవాల్సింది ఎన్ని రిపిటీషన్లు (అంటే ఒకే దూరాన్ని ఎన్నిసార్లు) కొట్టాడన్నది కాదు. ఒక పరుగుకూ ఇంకో పరుగుకూ మధ్య విరామాన్ని అతని కోచ్ ఎంత జాగ్రత్తగా కొలిచాడన్నది, 400 వేగాన్ని 800 కోసం ఎలా వాడుకున్నారన్నది.

నేను 800 పరిగెత్తినవాణ్ణే. చాలా ఏళ్లుగా గుంటూరు వైపు 400, 800 పిల్లలకు కోచింగ్ ఇస్తున్నాను. మా గ్రౌండ్‌కు కొత్తగా వచ్చే ప్రతి బ్యాచ్‌కూ మిలాన్‌లో జరిగిన ఆ రేసు గురించి చెబుతాను. 800 ఎలా పరిగెత్తాలో చెప్పడానికి నాకు అంతకంటే మంచి ఉదాహరణ దొరకలేదు.

ముందుగా ఆ రికార్డు ఎంత పెద్దదో చూడండి. 1938 ఆగస్టులో ఇంగ్లండ్ రన్నర్ సిడ్నీ వూడర్సన్ 1:48.4 పరిగెత్తి ప్రపంచ రికార్డు పెట్టాడు. ఏడాది తిరగకుండానే హార్బిగ్ దాన్ని 1:46.6కు దించాడు. అంటే ఒక్క రేసులో 1.8 సెకన్లు. బ్రిటన్ రన్నర్ సెబాస్టియన్ కో 1981లో ప్రపంచ రికార్డుగా 1:41.73 పరిగెత్తాడు, కెన్యా రన్నర్ డేవిడ్ రుడిషా 2012 లండన్ ఒలింపిక్స్‌లో ప్రపంచ రికార్డుగా 1:40.91 పరిగెత్తాడు. మధ్యలో 31 ఏళ్లు గడిచాయి, సింథటిక్ ట్రాకులు, మంచి స్పైక్స్ (అడుగున మేకులుండే బూట్లు), పేస్‌మేకర్లు (ముందు పరిగెత్తి వేగం కుదిర్చేవాళ్లు) అన్నీ ఉన్నాయి. అయినా రికార్డు తగ్గింది 0.82 సెకను మాత్రమే. వాళ్లిద్దరినీ తక్కువ చేసి చెప్పడం లేదు. హార్బిగ్ తన కాలం కంటే ఎంత ముందున్నాడో తెలియడానికి ఈ లెక్క చెబుతున్నాను.

మన దేశం లెక్కలోనూ చూడొచ్చు. 1976 మాంట్రియల్ ఒలింపిక్స్ ఫైనల్లో శ్రీరామ్ సింగ్ 1:45.77 పరిగెత్తాడు. ఆ జాతీయ రికార్డు 2018లో జిన్సన్ జాన్సన్ 1:45.65 పరిగెత్తేదాకా, 42 ఏళ్లు నిలిచింది. శ్రీరామ్ సింగ్ టైమింగ్‌కు హార్బిగ్ టైమింగ్ ఒక సెకను లోపే ఉంది, అదీ 37 ఏళ్ల ముందు! హార్బిగ్‌ది చేతి స్టాప్‌వాచ్‌తో తీసిన టైమింగ్ కాబట్టి ఓ 0.1 సెకనో, 0.15 సెకనో కలుపుకోండి. అయినా ఈ మాట మారదు.

మనిషి గురించి కొంచెం

హార్బిగ్ 1913 నవంబర్ 8న డ్రెస్డెన్‌లో పుట్టాడు. బండ్లు, చక్రాలు చేసే పని నేర్చుకున్నాడు. ఆర్థిక మాంద్యం కాలం, చేతిలో పనితనం ఉన్నా ఉద్యోగం దొరకని రోజులు. తర్వాత కొంతకాలం సైన్యంలో ఉన్నాడు. ఆ పైన డ్రెస్డెన్ నగర సంస్థలో ఇల్లిల్లూ తిరిగి గ్యాస్ మీటర్ రీడింగ్ తీసే ఉద్యోగం చేశాడు. ప్రపంచ రికార్డులు పెట్టింది ఈ మనిషే.

అతన్ని వెలికితీసింది 1934లో జర్మనీలో పెట్టిన "ఎవరికీ తెలియని క్రీడాకారుల రోజు" అనే పోటీ. ఎక్కడెక్కడో ఉన్న ప్రతిభను పట్టుకోవడమే దాని ఉద్దేశం. అక్కడ హార్బిగ్ 800 మీటర్లు 2:04 ప్రాంతంలో పరిగెత్తాడని చెబుతారు. అప్పటికి అతనికి ఇరవై ఏళ్లు. మీరు ఇప్పుడు పంతొమ్మిదికి 2:01 పరిగెత్తుతున్నారు. ఈ పోలికతో మీరూ ప్రపంచ రికార్డు కొడతారని నేను అనను. ఇరవైలో 2:04 ఉన్నవాడు పనికిరాడని ఎవరైనా మీతో అంటే మాత్రం నమ్మకండి.

అక్కడే వోల్డెమార్ గెర్ష్‌లర్ అనే కోచ్ కంట్లో పడ్డాడు. గెర్ష్‌లర్ కూడా డ్రెస్డెన్ దగ్గరి మైసెన్‌లో పుట్టినవాడే. అప్పటికి వయసు ముప్పై. హార్బిగ్ తర్వాతి ప్రయాణమంతా ఈ ఇద్దరూ కలిసి చేసిందే.

1936 బెర్లిన్ ఒలింపిక్స్‌లో సొంత దేశపు ప్రేక్షకుల ముందు హార్బిగ్ 800 హీట్స్‌లోనే, అంటే తొలి రౌండులోనే, ఓడిపోయాడు. కడుపు బాగోలేక నీరసంగా బరిలోకి దిగాడు. ఆ 800లో స్వర్ణం అమెరికా కుర్రాడు జాన్ వుడ్రఫ్ గెలిచాడు, రజతం ఇటలీ రన్నర్ మారియో లాంజీకి వచ్చింది. ఈ లాంజీ పేరు గుర్తుపెట్టుకోండి. అదే ఒలింపిక్స్‌లో కొన్ని రోజుల తర్వాత కోలుకున్న హార్బిగ్ 4×400 రిలేలో పరిగెత్తి జర్మనీకి కాంస్యం అందించిన జట్టులో ఉన్నాడు. అతని జీవితంలో ఒలింపిక్ పతకం అదొక్కటే. 1938లో పారిస్‌లో జరిగిన యూరోపియన్ ఛాంపియన్‌షిప్స్‌లో 800 స్వర్ణం, రిలే స్వర్ణం రెండూ అతనివే. 1940 ఒలింపిక్స్ ముందు టోక్యో అన్నారు, తర్వాత హెల్సింకీ అన్నారు, యుద్ధంతో చివరికి రద్దయ్యాయి. అప్పటికి అతనికి 26 ఏళ్లు, 800 రన్నర్‌కు సరైన వయసు. ఇది తలుచుకుంటే నాకు ఇప్పటికీ బాధేస్తుంది.

మిలాన్, 1939 జులై 15

రేసు జరిగింది అరేనా సివికాలో. నెపోలియన్ కాలంలో, 1807లో కట్టిన స్టేడియం అది. ట్రాక్ ల్యాప్ 400 కాదు, 500 మీటర్లు. ఇటలీ, జర్మనీ జట్ల మధ్య పోటీ.

లాంజీ ముందుండి లాక్కెళ్లే రకం. తుపాకీ పేలగానే ముందుకు దూకాడు, 400 మీటర్లు 52.5లో దాటాడు. హార్బిగ్ ఆత్రపడలేదు, అతన్ని వదిలిపెట్టలేదు. వెనకాలే అంటిపెట్టుకుని వెళ్లాడు. చివరి వంద మీటర్లు మిగిలినప్పుడు పక్కకు వచ్చి దాటేశాడు. అక్కడి నుంచి ఫినిష్ దాకా ఇద్దరి మధ్య దూరం పెరుగుతూనే పోయింది. హార్బిగ్ 1:46.6, లాంజీ 1:49.0.

లాంజీ చేసిన 1:49.0 సాధారణమైంది కాదు. ఏడాది ముందు జులైలో పరిగెత్తి ఉంటే అదే ప్రపంచ రికార్డు, ఎందుకంటే అప్పటికి ఉన్నది 1:49.6. అంత మంచి పరుగు పరిగెత్తినవాడు కూడా రెండున్నర సెకన్ల దూరంలో ఉండిపోయాడు.

ఇప్పుడు లెక్క కట్టండి. లాంజీ మొదటి 400 మీటర్లు 52.5, రెండో 400 మీటర్లు 56.5. నాలుగు సెకన్లు పడిపోయాడు. హార్బిగ్ మొదటి 400లో లాంజీకి కొద్దిగా వెనక ఉన్నాడు, మొత్తం 106.6 సెకన్లు. అంటే రెండో సగం 54కు అటూఇటూ. తేడా ఒక సెకను, మహా అయితే ఒకటిన్నర. హార్బిగ్ చివర్లో వేగం పెంచి గెలవలేదు. అందరూ నెమ్మదించే చోట తక్కువ నెమ్మదించి గెలిచాడు. పక్కనుంచి చూసేవాళ్లకు అది "కిక్"లా కనిపిస్తుంది. 800లో మనం కిక్ అనుకునేదాంట్లో చాలా వరకు ఇదే.

మా దగ్గరికి వచ్చే కుర్రాళ్లలో ఎక్కువమంది లాంజీలే. ఇంటర్ కాలేజీ మీట్‌లో మొదటి ల్యాప్ 56లో కొట్టేసి, 500 మీటర్ల దగ్గర కాళ్లు బిగుసుకుపోయి, చివరి వంద నడుస్తున్నట్టు వస్తారు. "స్టామినా చాల్లేదు సార్" అంటారు. స్టామినా సంగతి తర్వాత చూద్దాం, ముందు మొదటి ల్యాప్ మీ సత్తాకు తగ్గట్టు పరిగెత్తండి అంటాను. ఒక 400 అమ్మాయిని 800కు మార్చినప్పుడు మొదటి సీజన్ అంతా మేం చేసింది ఇదొక్కటే: మొదటి 200 దగ్గర నేను నిలబడి టైం అరవడం, ఆమె దానికి కట్టుబడి ఉండటం. ఫిట్‌నెస్‌లో పెద్ద మార్పేమీ లేకుండానే టైమింగ్ బాగా తగ్గింది.

మిలాన్ తర్వాత సరిగ్గా నాలుగు వారాలకు, ఆగస్టు 12న, ఫ్రాంక్‌ఫర్ట్‌లో హార్బిగ్ 400 మీటర్లు 46.0లో పరిగెత్తాడు. అదీ ప్రపంచ రికార్డే. అంతకుముందు ఆర్చీ విలియమ్స్ పేరిట 46.1 ఉండేది. అక్కడా లాంజీ రెండో స్థానంలో ఉన్నాడు. ఒక వేసవిలో 400, 800 రెండు రికార్డులు! ఫ్రాంక్‌ఫర్ట్ రేసు తర్వాత మూడు వారాలకే రెండో ప్రపంచ యుద్ధం మొదలైంది. యుద్ధం నడుస్తుండగానే 1941 మే 24న డ్రెస్డెన్‌లో 1000 మీటర్లు 2:21.5లో పరిగెత్తి మూడో ప్రపంచ రికార్డు పెట్టాడు.

మీ రెండో ప్రశ్నకు కీలకం ఆ 46.0లో ఉంది. 400 మీటర్లు 46లో పరిగెత్తగలవాడికి మొదటి 400ను 52.5, 53లో పరిగెత్తడం దాదాపు ఊపిరి తీసుకుంటూ వెళ్లినట్టే. ఆరేడు సెకన్ల వేగం చేతిలో మిగిలి ఉంది. 48లో పరిగెత్తేవాడికి అదే 52.5 చాలా ఖరీదు.

ఇంతకీ ఏం ట్రైనింగ్ చేశాడు?

గెర్ష్‌లర్ చేసిన పనిలో ముఖ్యమైనవి నాకు మూడు కనిపిస్తాయి. ఒకటి, ఏడాది పొడవునా ట్రైనింగ్. అప్పట్లో చాలామంది సీజన్ అయిపోగానే స్పైక్స్ మేకుకు తగిలించి వసంతం దాకా ఆగేవారు. హార్బిగ్ చలికాలంలో అడవి దారుల్లో నడక, పరుగు, వ్యాయామాలు చేస్తూనే ఉన్నాడు. రెండు, ట్రాక్ మీద చిన్న దూరాలను, అంటే 200 నుంచి 600 దాకా, ముందే అనుకున్న వేగంలో పరిగెత్తడం. ఆ రోజు ఒంట్లో ఎంత ఊపు ఉంటే అంత వేగం కాదు, కోచ్ చెప్పిన వేగమే. మూడు, మధ్యలో విరామం. ఇది గాలికి వదిలేసే విషయం కాదు, పరుగుతో సమానంగా కొలవాల్సిన విషయమని గెర్ష్‌లర్ పట్టుబట్టాడు.

ఈ మూడోదే తర్వాత పెద్ద సిద్ధాంతమైంది. యుద్ధం తర్వాత గెర్ష్‌లర్ ఫ్రైబర్గ్‌లో పనిచేశాడు. అక్కడ హెర్బర్ట్ రైండెల్ అనే గుండె డాక్టర్‌తో కలిసి దానికి ఒక రూపం ఇచ్చాడు. చిన్న దూరం పరిగెత్తి పల్స్ నిమిషానికి 180 దాకా పెంచాలి. తర్వాత 120కి దిగేదాకా ఆగాలి. అది 90 సెకన్లలోపు దిగాలి. దిగకపోతే వేగం ఎక్కువైందనో, ఆ రోజుకు శరీరం చాలన్నదనో అర్థం. గుండెకు అసలు లాభం పరుగులో కంటే ఆ విరామంలోనే జరుగుతుందని వాళ్లు నమ్మారు. నేటి శాస్త్రవేత్తలు ఈ వాదనను పూర్తిగా ఒప్పుకోరు. కానీ కోచ్ చేతికి అది ఒక మంచి కొలబద్దను ఇచ్చింది.

మీరు చదివిన "హార్బిగ్ షెడ్యూల్: 20×200, పల్స్ 180-120" (20×200 అంటే 200 మీటర్లు ఇరవై సార్లు) అన్నది ఈ ఫ్రైబర్గ్ పద్ధతి. హార్బిగ్ చేసినదాంట్లో వేగం ఎక్కువ, విరామాలు చాలాసార్లు పొడవు, రిపిటీషన్లు తక్కువ. 400లో 46.0 పరిగెత్తినవాడు ఏడాదంతా 20×200 జాగింగ్ విరామంతో చేసి ఆ వేగాన్ని నిలబెట్టుకున్నాడంటే నేను నమ్మను. ఫ్రైబర్గ్ పద్ధతితో లాభపడినవాళ్లు వేరే ఉన్నారు. 1952 హెల్సింకీలో 1500 స్వర్ణం గెలిచి అందరినీ ఆశ్చర్యపరిచిన లక్సెంబర్గ్ రన్నర్ జోసీ బార్తెల్ గెర్ష్‌లర్ శిష్యుడే. బ్రిటన్ రన్నర్ గోర్డన్ పిరీ కూడా.

మా గ్రౌండ్‌లో నేను చూసింది

పల్స్ చూసే పద్ధతిని నేను చాలా కాలంగా వాడుతున్నాను. ఖరీదైన వాచీ అక్కర్లేదు. మెడ పక్కన రెండు వేళ్లు పెట్టి పది సెకన్లు లెక్కపెట్టండి. 20 వస్తే నిమిషానికి 120. వాచీ సెన్సార్ల కంటే, అందులోనూ చెమట పట్టిన మణికట్టు మీద, నాకు వేళ్ల మీదే నమ్మకం.

కర్నూలు వైపు నుంచి ఒక కుర్రాడు వచ్చాడు. అక్కడ ఫ్రెండ్స్‌తో కలిసి రోజూ 10×400 కొట్టేవాడు, ప్రతి రౌండూ రేసే. ఎవరు ముందొస్తే వాడు గొప్ప. విరామం ఎంత అంటే, "అందరూ రెడీ అనేదాకా" అన్నాడు. 800లో మొదటి ల్యాప్ 58, రెండోది 66. మేం ట్రాక్ పనిని వారానికి రెండు రోజులకు తగ్గించాం. 6×300, చెప్పిన వేగంలో, పల్స్ దిగాకే తర్వాతిది. మిగతా రోజులు ఈజీ రన్, ఒక లాంగ్ రన్. మొదట్లో అతనికి చాలా అసహనంగా ఉండేది, పని చేస్తున్నట్టే లేదనేవాడు. సీజన్ చివరికి మొదటి ల్యాప్ 58 అలాగే ఉంది, రెండోది 62కు వచ్చింది. వేగం పెరగలేదు, నెమ్మదించడం తగ్గింది.

కానీ ఈ పద్ధతిలో రెండు చిక్కులున్నాయి, ఇవి మీకు ఎవరూ చెప్పరు.

మొదటిది మన ఎండ. గెర్ష్‌లర్ లెక్కలు జర్మనీ చలిలో పుట్టాయి. ఏప్రిల్, మే నెలల్లో మన దగ్గర పొద్దున ఎనిమిదికి ట్రాక్ మీద నిలబడితే, ఏమీ చేయకుండానే పల్స్ పెరుగుతుంది. ఒంటిని చల్లబరచడానికి రక్తం చర్మం వైపు మళ్లుతుంది, గుండె అదనంగా కొట్టుకోవాలి. అప్పుడు 90 సెకన్లలో 120కి దిగకపోవడం మీ తప్పు కాదు. ఎండాకాలంలో నేను ఐదున్నరకే సెషన్ మొదలుపెడతాను. అంకెను 130కి మారుస్తాను, రిపిటీషన్లు తగ్గిస్తాను. అంకె కోసం ఎండలో పట్టుబట్టి కూర్చోవడం ప్రమాదం. తల తిరిగినా, చెమట ఆగిపోయినా, చలి వేసినట్టు అనిపించినా వెంటనే ఆపేసి నీడలోకి వెళ్లాలి, ఒళ్లు చల్లబరుచుకోవాలి, ఒంటరిగా ఉండకూడదు.

రెండోది, గుండె కోలుకున్నంత త్వరగా కాళ్లు కోలుకోవు. 200, 300 మామూలు వేగంలో అయితే పల్స్ సరైన కొలతే. 800 రేస్ వేగానికి మించి 500 పరిగెత్తారనుకోండి, రెండు నిమిషాల్లో పల్స్ దిగుతుంది. కండరాల్లో పేరుకున్నది మాత్రం అలాగే ఉంటుంది. అలాంటి రోజు ఆరు, ఎనిమిది నిమిషాల విరామం కావాలి. పల్స్ దిగింది కదా అని మళ్లీ పరిగెత్తితే స్టైల్ చెడిపోతుంది, తొడ వెనక కండరం పట్టేస్తుంది.

కానిస్టేబుల్ ఈవెంట్స్ కోసం 1600 పరిగెత్తే వాళ్లు కూడా ఇది చదువుతుంటారు. మీకు ఇదంతా అవసరం లేదు. రోజూ కాస్త కాస్త దూరం పెంచుకుంటూ ఈజీగా పరిగెత్తండి, వారానికి ఒక రోజు 400లు చాలు.

ఇదొక్కటే దారి అనుకోవద్దు

1:46.6ను 1955 ఆగస్టు 3న ఓస్లోలో బెల్జియం రన్నర్ రోజర్ మూన్స్ 1:45.7తో దాటాడు. ఏడేళ్ల తర్వాత న్యూజిలాండ్‌లో పీటర్ స్నెల్ గడ్డి ట్రాక్ మీద 1:44.3 పరిగెత్తాడు. స్నెల్ కోచ్ ఆర్థర్ లిడియార్డ్ గెర్ష్‌లర్‌కు పూర్తిగా వ్యతిరేకం. లిడియార్డ్ శిష్యులు వారానికి 160 కిలోమీటర్ల దాకా పరిగెత్తి, పునాది గట్టిపడ్డాకే ట్రాక్ ఎక్కేవారు.

స్నెల్ 400లో హార్బిగ్ కంటే స్పష్టంగా నెమ్మది. అయినా 800లో రెండు సెకన్లకు పైగా ముందున్నాడు. హార్బిగ్ 400 టైంను రెండింతలు చేస్తే 92 సెకన్లు, 800కు 106.6, తేడా 14.6. మంచి ఓర్పు ఉన్న 800 రన్నర్‌కు ఈ తేడా ఇంకా తక్కువ ఉంటుంది. దీన్ని బట్టి నా అభిప్రాయం: హార్బిగ్ ఇంకా 1:45 లోపలికి వెళ్లగలిగేవాడు. వయసు ఉంది, వేగం ఉంది, పెంచుకోవడానికి ఓర్పు మిగిలి ఉంది. సమయమే ఇవ్వలేదు.

నాజీ కాలం సంగతి

మీ అనుమానం వెనక ఉన్నది ఇదే కాబట్టి దాటవేయను. హార్బిగ్ నాజీ పార్టీ సభ్యుడు. ఆ ప్రభుత్వం అతని రికార్డులను తన గొప్పగా చాటుకుంది. ఇది దాచి అతన్ని కేవలం యుద్ధం మింగిన అమాయకుడిగా చెప్పే కథలు నాకు నచ్చవు. అలాగని టైమింగ్ అబద్ధమనీ అనలేం. లాంజీ ఉన్నాడు, ఇద్దరి మధ్య తేడా ఉంది, నాలుగు వారాల తర్వాత 46.0 ఉంది. ఒక్క రేసులో గడియారం తప్పు చూపిందనుకోవచ్చు. 400, 800, 1000 మూడింటిలో, మూడు నగరాల్లో, ఒకదానికొకటి సరిపోయేలా వచ్చిన టైమింగులు తప్పవడం కుదరదు. కోచ్‌గా నాకు ఇదే పెద్ద రుజువు.

1944 మార్చి 5న యుక్రెయిన్‌లో, తూర్పు రణరంగంలో, పారాట్రూపర్ దళంలో ఉన్న హార్బిగ్ చనిపోయాడు. ముప్పై ఏళ్లు. భార్య, ఒక చిన్న కూతురు ఉన్నారు.

ఆ తర్వాత రెండు జర్మనీలూ అతని పేరును తమదనుకున్నాయి. పశ్చిమ జర్మనీ అథ్లెటిక్స్ సమాఖ్య 1950 నుంచి అతని పేరిట అవార్డు ఇస్తోంది. తూర్పు జర్మనీలో ఉండిపోయిన డ్రెస్డెన్‌లో 1951లో స్టేడియానికి అతని పేరు పెట్టారు, 1971లో తీసేసి డైనమో స్టేడియం అన్నారు, దేశం కలిసిపోయే రోజుల్లో మళ్లీ పెట్టారు. మధ్యలో కొన్నేళ్లు స్పాన్సర్ల పేర్లు నడిచాయి, 2018 నుంచి మళ్లీ రుడాల్ఫ్ హార్బిగ్ స్టేడియమే. ఇప్పుడు అక్కడ డైనమో డ్రెస్డెన్ ఫుట్‌బాల్ జట్టు ఆడుతుంది.

ఇక మీ సంగతి

మీ 800 చెప్పారు, 400 చెప్పలేదు. అది తెలియకుండా షెడ్యూల్ ఇవ్వడం సరికాదు. ఈ వారం బాగా రెస్ట్ తీసుకుని, స్పైక్స్ వేసుకుని, ఒక 400 ఫుల్‌గా పరిగెత్తి టైం తీయించుకోండి. స్టాప్‌వాచ్ వేరేవాళ్లు పట్టుకోవాలి, ఫోన్ చేతిలో పెట్టుకుని పరిగెత్తొద్దు.

52 వస్తే, రెండింతలు 104, మీ 800 121 సెకన్లు, తేడా 17. వేగం పుష్కలంగా ఉంది, ఓర్పు లేదు. మీకు ఇప్పుడు కావాల్సింది గెర్ష్‌లర్ కాదు, లిడియార్డ్. మూడు నెలలు ఈజీ కిలోమీటర్లు పెంచండి, వారానికి ఒక్క రోజు 6×300 చాలు. 54 వస్తే తేడా 13, రెండూ సమానంగా ఉన్నాయి, అప్పుడు వారానికి రెండు రోజులు పైన చెప్పిన పల్స్ పద్ధతి మొదలుపెట్టండి. 56 లేదా అంతకంటే ఎక్కువ వస్తే, తేడా 9 లేదా ఇంకా తక్కువ, మీ ఓర్పు మంచిదే, వేగం తక్కువ. అప్పుడు 60, 100, 150 మీటర్ల స్ప్రింట్లు, పూర్తి విరామంతో, వారానికి రెండు రోజులు. లేదంటే 1500 వైపు చూడటం గురించి కూడా మాట్లాడుకుందాం.

మీ దగ్గరున్నది మట్టి ట్రాకా, సింథటిక్‌దా, మీ ఊళ్లో ఇప్పుడు పొద్దున్నే ఎంత వేడి ఉంటోంది, గత ఆరు నెలల్లో మోకాలి కింద ఎముక నొప్పి ఏమైనా వచ్చిందా, ఇవి కూడా 400 టైంతో పాటు కింద రాయండి. నొప్పి వచ్చి ఉంటే 400 టెస్ట్ కూడా ఇప్పుడు వద్దు, ముందు దాని సంగతి చూద్దాం.